తొలి పందెం కొత్తవాడిది

"కదలమాకురా! కదిలావంటే మీసం చెవిలోకి పోద్ది."

నాంచారి ఎడమచేత్తో బయ్యన్న గడ్డాన్ని ఒడిసిపట్టుకుని, కుడిచేత్తో జిగురు పూసిన వెంట్రుకల కుచ్చును అతని పైపెదవి మీద అద్దింది. రక్తాక్షపురం కోటగోడ వెనక పాడుబడిన సున్నపుబట్టీలో ఇద్దరూ ఎదురెదురుగా గొంతుక్కూర్చున్నారు. పొద్దు నడినెత్తికి ఎక్కుతోంది. బట్టీ నోట్లోంచి చూస్తే ఊరి నడుమ భాగ్యమందిరం బంగారు కలశం కళ్ళలో సూదులు గుచ్చుతున్నట్టు మెరుస్తోంది.

ఆ కలశం కింద, మందిరం వెనక దొడ్లో, బయ్యన్న అన్న సూరన్న ఉన్నాడు. మనిషిగా కాదు, పొట్టేలుగా.

సూరన్న ఏటిగడ్డ రేవులో పడవ నడిపేవాడు. రక్తాక్షపురంలో ఉప్పు దించడానికి వచ్చి, సరదాకి ఒక పందెం వేశాడు. గెలిచాడు. ఇంకొకటి వేశాడు. పడవ పోయింది, తెడ్డు పోయింది, నడుముకున్న పంచె తప్ప అన్నీ పోయాయి. చివరికి తనను తానే ఒడ్డుకున్నాడు. అట్లా ఓడినవాడి నెత్తిన మందిరం యజమానురాలు, మాంత్రికురాలు కాలధూమిని పిడికెడు బూడిద చల్లుతుంది. వాడు నిలబడ్డచోటే పొట్టేలవుతాడు. పండగనాడు ఆ పొట్టేళ్ళను గోదాలో ఒకదాని మీదికి ఒకదాన్ని ఉసిగొల్పుతారు. రాజు దుర్ముఖవర్మ మేడమీద కూర్చుని చప్పట్లు కొడతాడు. చచ్చిన పొట్టేళ్ళు వంటశాలకు పోతాయి. రాజుగారి విందులో ముక్కలు నంజుకునే దొరల్లో ఎవడికీ అది ఏ తల్లి బిడ్డ అనే అనుమానం రాదు.

ఆ పండగ రేపే.

"అత్తా, నిజం చెప్పు. ఇందులో నీ లాభమేంది?" అన్నాడు బయ్యన్న, పెదవి కదపకుండా.

"లాభమా? మా తాత శివుడి వేషం కడితే ఈ కోటలో రాజే లేచి నిలబడ్డాడు. ఇప్పుడు నేను పగటివేషం కడితే ముక్కు కోస్తారంట. నా ముక్కు నాకు కావాల, నా వేషమూ నాకు కావాల. సాలా?"

"సాల్లేదు."

"నన్ను అనుమానిస్తన్నావా? మంచిదే. నేనూ నిన్ను అనుమానిస్తన్నా. గెలిచిన గవ్వలు రెండూ నీ మొలలో ఉన్నయ్యి గానీ నా కొంగున ఒక్కటీ లేదు. ఏదీ, అటు తిరుగు."

అనుమానమే బయ్యన్నను ఇంతదాకా తెచ్చింది. అన్న కోసం ఈ ఊరికి వచ్చినవాడు రాగానే ఆటకు దిగలేదు. మందిరం గుమ్మం దగ్గర బిచ్చగాళ్ళ మధ్య కూర్చుని బయటికొచ్చేవాళ్ళ ఏడుపులు విన్నాడు. అందరి నోటా ఒకటే మాట. "మొదటి పందెం గెలిచానయ్యా! ఆ తర్వాతే నా ఖర్మ కాలింది." ఒకడు చెబితే అదృష్టం అనుకోవచ్చు. పదిమంది చెబితే ఆచారం అనుకోవచ్చు. ఊరంతా చెబితే దాని పేరు ఎర. కొత్తవాడికి తొలి పందెం ఇచ్చెయ్యడం ఆ ఇంటి కట్టడి. గాలానికి వానపామును గుచ్చడం ఏటిగడ్డలో పాలుతాగే పిల్లకు కూడా తెలుసు.

అంతలో నాంచారి ఎదురుపడింది. పగటివేషాల మేళం నడిపిన మనిషి, మేళం చెదిరిపోయి ఊరిబయట దాక్కుని ఉంది. ఆమె గోడు విన్నాక బయ్యన్నకు రెండో అనుమానం పుట్టింది. ఈ రాజ్యంలో దొంగకు పది కొరడాదెబ్బలు. వేషగాడికి ముక్కే కోస్తారు. పొట్టకూటికి రంగు పూసుకునేవాళ్ళంటే రాజుకు అంత భయమెందుకు? ఎందుకంటే వేషం మార్చినవాడు మళ్ళీ కొత్తవాడే! ఎన్నిసార్లు మారిస్తే అన్నిసార్లు కొత్తవాడే! తొలి పందెం ఎన్నిసార్లైనా వాడిదే!

కింది బల్లల దగ్గర గెలిచినవాడికి ఒక నల్లగవ్వ ఇస్తారు. రెండో పందెం ఓడగానే లాక్కుంటారు. మూడు గవ్వలు చూపించినవాడు మేడమీది పెద్దబల్ల దగ్గర కాలధూమినితోనే ఆడొచ్చు. అక్కడ గెలిస్తే దొడ్లోని ఏ జీవాన్నైనా అడగొచ్చు. బయ్యన్న మొన్న బైరాగిగా వెళ్ళి ఒకటి, నిన్న గుర్రాల బేరగాడిగా వెళ్ళి ఒకటి గెలిచాడు. ఒక్క పందెం ఆడటం, కడుపునొప్పి అని పొట్ట పట్టుకుని బయటపడటం. ఇవాళ పగడాల షావుకారు. సముద్రం అవతలి మనిషి.

"నోరు తెరవమాకు," అంది నాంచారి పట్టు తలపాగా చుడుతూ. "తెరిస్తే ఏటిగడ్డ బురద రాలుద్ది."

*

భాగ్యమందిరాన్ని చూస్తే ఎవడికైనా మతి పోవలసిందే. చందనపు దూలాలు, దంతపు తలుపులు, ఏనుగు తొండాల్లా వంగిన వెండి కమ్మీలు, నేలంతా నీలిరాళ్ళు. ఆ నేలమీద నడుస్తుంటే ఆకాశం మీద అడుగేస్తున్నట్టు ఉంటుంది. పైకప్పు నుంచి వేలాడే ముత్యాల జాలర్లు గాలి లేకపోయినా ఊగుతాయి. ఒక్క కిటికీ లేదు. లోపలికి వచ్చినవాడికి పగలో రాత్రో తెలియకూడదు, ఇంటి దగ్గర పొయ్యి వెలిగిందో లేదో గుర్తు రాకూడదు. ఆ సొగసంతా ఎవరి పడవలు, ఎవరి ఎద్దులు, ఎవరి పుస్తెలు అమ్మితే వచ్చిందో గోడలమీద ఎవడూ రాయడు.

గుమ్మం దగ్గర ఇద్దరు దాసీలు పన్నీరు బుడ్లు ఎత్తారు. తడి పడితే రంగు కారుతుంది! బయ్యన్న చప్పున పట్టు రుమాలు మొహానికి అడ్డం పెట్టుకుని "హూ! హూ! పాపం! పాపం!" అంటూ రెండో చెయ్యి ఊపాడు.

"వాళ్ళ దేశంలో పన్నీరు చావుకే చల్లుతారు కాబోలే," అంది ఒక దాసీ కిసుక్కున నవ్వి.

"చల్లకపోతే పోయింది, నవ్వుతావేంటే, షావుకారికి కోపమొస్తే మన వీపులు పగులుతాయి," అంది రెండోది.

బయ్యన్న లోపల పడ్డాడు. కింది బల్ల దగ్గర ఒక రైతు తన జోడెడ్లను ఒడ్డుతున్నాడు. "ఇది పోతే పోయింది, వచ్చే దాంట్లో అన్నీ వస్తయ్యి," అని పక్కవాడికి నచ్చజెబుతున్నాడు. పాచికల పెద్ద విరూపుడు కొత్త షావుకారిని చూసి పళ్ళికిలించాడు. ఎవరి పాచికలు ఎక్కువ చుక్కలు చూపిస్తే వాళ్ళది గెలుపు. విరూపుడు వేశాడు. తక్కువ పడ్డాయి. బయ్యన్న పాచికలు చేతిలోకి తీసుకున్నాడు, కళ్ళకద్దుకున్నాడు, వేశాడు. నిండుగా పడ్డాయి.

"ఆహా! షావుకారి చెయ్యి బంగారం!" అని అరిచారు చుట్టూ ఉన్నవాళ్ళు.

నల్లగవ్వ చేతిలో పడింది. బయ్యన్న మొలలోంచి మిగతా రెండూ తీసి మూడింటినీ బల్లమీద పరిచి, వేలితో మేడవైపు చూపించాడు. ఇవి ఎక్కడివని విరూపుడు అడగలేదు. గవ్వలు లెక్కపెట్టలేదు. నడుము వంచి దారిచ్చాడు.

అడగవలసినవాడు అడగలేదంటే ముందే తెలిసి ఉండాలి.

*

మేడమీది పెద్దబల్ల ఒకే నల్లరాతి పలక. దాని వెనక కాలధూమిని కూర్చుని ఉంది. వయసు చెప్పలేం. జుట్టు పొగలా పైకి లేచి, పొగలా చెదిరి, మళ్ళీ జడగా అల్లుకుంటోంది. కుడిచేతి నడిమివేలికి రాగి ఉంగరం. ఆ ఉంగరం లోపలికి తిరిగితే ఈ ఇంట్లో ఏ బల్లమీద పాచికలైనా అతిథికి ఎదురు తిరుగుతాయి, బయటికి తిరిగితే అతిథికి లొంగుతాయి. పెద్దబల్ల తెరుచుకుందని తెలిసి జనం మెట్లమీదా నడవల్లోనూ కిక్కిరిశారు. ఆమె మాట వాళ్ళకు వినపడదు. ఆట మాత్రం కనపడుతుంది.

"పగడాల షావుకారు గారికి స్వాగతం," అందామె మెల్లగా. "ఒక సంగతి అడగనా? మీ సముద్రం అవతల కూడా పాచికల్ని కళ్ళకద్దుకుంటారా?"

పాచికల మీదికి చాచిన బయ్యన్న చెయ్యి గాలిలో ఆగింది.

"మొన్న ఒక బైరాగి అద్దుకున్నాడు. నిన్న ఒక గుర్రాల బేరగాడు అద్దుకున్నాడు. ఇందాక తమరూ అద్దుకున్నారు. ఇక్కడికి వచ్చే జూదగాళ్ళు పాచికల్ని ఊదుతారు, ఉమ్ముతారు, ముద్దుపెట్టుకుంటారు. కళ్ళకద్దుకునేవాణ్ణి నేను చూడలేదు."

ఏటిగడ్డలో తెడ్డు ముట్టుకున్నా, వల విప్పినా, కొడవలి పట్టినా ముందు కళ్ళకద్దుకుంటారు. చేతికందిన పనిముట్టును అట్లా చెయ్యకుండా పని మొదలుపెట్టే మనిషి ఆ రేవులో లేడు. నాంచారి మీసం మార్చింది, నడక మార్చింది, నోరు కట్టేసింది. చేతులు మాత్రం ఊరివే మిగిలాయి.

ఆమె చిటికె వేస్తే చాలు, గోడ పక్కన నిలబడ్డ భటులు కత్తులు దూస్తారు. బయ్యన్న పక్కకు చూశాడు. అతిథుల కోసం పెట్టిన రాగిచెంబు నిండా మంచినీళ్ళున్నాయి. దాన్ని ఎత్తి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"అమ్మా," అన్నాడు ఇప్పుడిక దాపరికం లేకుండా, ఏటిగడ్డ గొంతుతోనే. "నేను ఓడితే ఇక్కడే మొహం కడుక్కుంటా."

"ఏమిటి?"

"మీసం పీకేసి మొహం కడుక్కుంటా. ఆ మెట్లమీద నిలబడ్డోళ్ళలో సగంమంది బైరాగి గెలవటం చూశారు, గుర్రాలోడు గెలవటం చూశారు, ఇందాక నేను గెలవటమూ చూశారు. ముగ్గురూ ఒకడేనని కళ్ళారా చూస్తే ఏమనుకుంటారు? ఎప్పుడు కొత్తగా వస్తే అప్పుడే గెలుపని తెలుసుకోరా? రేపట్నించి ఊరు ఊరంతా మసి పూసుకుని వస్తారు. తలా ఒక్క పందెం ఆడి పోతారు. రెండోది ఆడే నాథుడు లేకపోతే నీ కొంప ఏమైద్ది తల్లీ?"

కాలధూమిని జడ ఒక్కసారి పొగై విడిపోయింది. "కూర్చున్నచోటే నిన్ను బూడిద చేస్తే?"

"చెయ్యి. గెలిచినోణ్ణి సంపే జూదానికి ఇంకెవడొస్తాడో చూద్దాం."

"నిన్ను గెలిపిస్తే నువ్వు నోరు మూసుకుంటావని నమ్మకం ఏమిటి?"

"నమ్మమాకు. నేనూ నిన్ను నమ్మటంలా. చెంబు నా ఒళ్ళోనే ఉంటది, ఉంగరం నీ వేలికే ఉంటది. ఎయ్యి."

మెట్లమీద జనం గుసగుసలాడుతున్నారు. "ఏందిరా, ఎయ్యరేంది?" "షావుకారు భయపడ్డాడ్రా!" "ఆమే భయపడ్డట్టుంది!" ఆ చివరి మాట కాలధూమిని చెవిన పడింది. ఉంగరం మెల్లగా, ఎంతో మెల్లగా బయటికి తిరిగింది. ఆమె పాచికలు తక్కువ చూపించాయి. బయ్యన్న పాచికలు ఎత్తి, ఈసారి కావాలనే, ఆమె చూస్తుండగా కళ్ళకద్దుకుని విసిరాడు. నిండుగా పడ్డాయి!

మందిరం దద్దరిల్లింది. ఈలలు, కేకలు. ఆ మరుక్షణమే మెట్లమీది జనమంతా ఒకరినొకరు తోసుకుంటూ కింది బల్లల మీదికి ఎగబడ్డారు. జోడెడ్లు పోగొట్టుకున్న రైతు ఇంటి తాళంచెవి తీశాడు. "అతను గెలిచాడు గదా, మనం గెలవమా?"

కాలధూమిని అది చూసి చిరునవ్వు నవ్వింది. "చూశావా? నీ గెలుపంత మంచి చాటింపు నాకు ఏ డప్పుగాడూ వెయ్యలేదు. పో, నీకు కావలసిన జీవాన్ని ఏరుకో. గడప దాటితే మంత్రం దిగిపోతుంది. అవతల దారిలో దొంగలుంటారట, నాయనా. జాగ్రత్త."

ఒడుపుగా ఆడి గెలిచినవాడు కూడా ఆ ఇంటికే లాభం తెచ్చాడు. ఇటువంటి ఇంటిని ఆడి గెలవలేరు. తగలబెట్టాలి. కానీ బయ్యన్నకు ఇప్పుడు కావలసింది అన్న.

*

దొడ్డి నిండా పొట్టేళ్ళు. ఒకటే రంగు, ఒకటే కొమ్ములు, ఒకటే చూపు. బయ్యన్న తడిక తియ్యగానే అవన్నీ మూకుమ్మడిగా మీదికి వచ్చి, అచ్చం సూరన్న గొంతుతో అరిచాయి. "బయ్యా! నేనేరా! నన్ను తీసుకుపోరా!"

ఇదీ ఆవిడ పన్నాగమే. తప్పు పొట్టేలును పట్టుకుపోతే అన్న రేపు గోదాలో చస్తాడు. బయ్యన్న ఒక్కొక్కదాని కళ్ళలోకి చూసుకుంటూ వెళ్ళాడు. కళ్ళన్నీ మనుషులవే, కన్నీళ్ళన్నీ నిజమే. దొడ్డి చివర గడ్డికుప్ప దగ్గర మాత్రం ఒకటి అటు తిరిగి నిలబడి ఉంది. పిలవలేదు, ఏడవలేదు. బయ్యన్న దగ్గరికి వెళ్ళి మెడమీద చెయ్యి వెయ్యగానే గిరుక్కున తిరిగి డొక్కలో ఒక్క పోటు పొడిచింది. వాడు గడ్డిలో వెల్లకిలా పడ్డాడు. అది ముందుకాలు నేలకేసి కొట్టి, 'పో! పో ఇక్కణ్ణించి!' అన్నట్టు మళ్ళీ కొమ్ములు దించింది.

బయ్యన్న కళ్ళు చెమర్చాయి. ఇంతమంది రమ్మంటున్నారు. పొమ్మన్నది ఇదొక్కటే. తమ్ముడు ఈ నరకంలో అడుగుపెట్టకూడదని పొడిచి తరిమే జీవం అన్న కాక ఇంకెవరు? లేచి, కొమ్ములకు తాడు బిగించి, తన్నుతున్నా గుద్దుతున్నా లెక్కచెయ్యకుండా దాన్ని ఈడ్చుకుంటూ పెరటి గడప దాటించాడు.

పొగ లేచింది. పొట్టేలు వెనక్కాళ్ళమీద నిలబడింది, కొమ్ములు రాలాయి, ఉన్ని ఊడింది. మెడకు జారిన తాడుతో, మొలకు పంచెతో, గడ్డం నిండా గడ్డిపరకలతో సూరన్న నిలబడ్డాడు.

"అన్నా!"

"నీ బుద్ధి తగలబడ!" అన్నాడు సూరన్న. "ఎంత పని చేశావురా! పందెం మధ్యలో వచ్చి లాక్కొస్తావా?"

"పందెమేంది?"

"గడ్డి పందెంరా! ఆ మూల కుప్పలోంచి ఎలుక ఏ పక్క బయటికొస్తదో, దానిమీద. గెలుస్తా ఉన్నానురా! దొడ్లో సగం మేత నాదే. ఇంకొక్క ఎలుక వచ్చుంటే మొత్తం నాదే అయ్యేది. నువ్వు మెడమీద చెయ్యేశావు, అది బెదిరి లోపలికి పోయింది. అందుకే పొడిచా."

గోడ పక్కన కాచుకుని ఉన్న నాంచారి పరిగెత్తుకొచ్చి ఇద్దరినీ ఎగాదిగా చూసింది. "ఈడేనా మీ అన్న? నిజంగా ఈడేనా? ఒకపాలి మళ్ళీ సూసుకో."

"ఈడే అత్తా," అన్నాడు బయ్యన్న నీరసంగా. "అనుమానం లేదు."

"ఒరే, వినరా," సూరన్న అతని భుజాలు పట్టుకున్నాడు. కళ్ళు నిప్పుకణాల్లా ఉన్నాయి. "పెద్దబల్ల కింద కట్టేసేవాళ్ళు నన్ను. ఆ రాగి ఉంగరం ఎప్పుడు ఎటు తిరుగుద్దో నాకు ఎరికే. ఇప్పుడు నువ్వూ నేనూ వేషమేసుకుని పోతే దొడ్డి మొత్తం విడిపించొచ్చు. రేపు వాళ్ళంతా కూరైపోతారురా! ఒక్క ఎత్తు. ఒక్కటంటే ఒక్క ఎత్తు!"

దొడ్లోంచి అరుపులు ఇంకా వినిపిస్తూనే ఉన్నాయి. అన్న చెప్పేది నిజమే కావొచ్చు. ప్రతి జూదగాడూ చెప్పేది ఇదే కావొచ్చు. మందిరం ముంగిట గుర్రాల డెక్కలు చప్పుడయ్యాయి. దారిలో ఉంటారన్న దొంగలు రాజుగారి జీనుల మీద ఎక్కి బయలుదేరారు.

"పదండిరా, ఆ గట్టు కింది వంకలో దూకుదాం!" అని నాంచారి తాడు అందుకుంది. అందుకుని ఆగిపోయింది. ఆమె చూపు బయ్యన్న కుడిచేతి మీద పడింది. ఆ చేతిలో ఏమీ లేదు. అయినా పిడికిలి వదులుగా ముడుచుకుని, మణికట్టు దగ్గర మెల్లగా ఊగుతోంది. అటూ ఇటూ, అటూ ఇటూ, పాచికల గలగల వినిపించడం ఒక్కటే తక్కువ.

"ఏంది అత్తా, అట్టా చూస్తన్నావు?"

నాంచారి సూరన్న మెడకున్న తాడు రెండో కొసను బయ్యన్న మణికట్టుకు మెలివేసి, పళ్ళతో ముడి బిగించి, గుర్రాలు మలుపు తిరిగేలోగా అన్నదమ్ములిద్దరినీ ఒకే తాటిన ఈడ్చుకుంటూ వంకలోకి దూకింది.